ఉమ్మడి పొత్రం

రిచీ స్ట్రీట్‌లో మెట్ల కింద
మూడు బల్లలు పట్టేంత కొట్టు మాది.
బోర్డు మీద మా బావ పేరు ఉంటుంది,
స్క్రూడ్రైవరు నా చేతిలో ఉంటుంది.

వాననీళ్లు గడప దాకా వచ్చిన సోమవారం
ఎతిరాజులు గారు సీపీయూని
చంటిపిల్లలా తువ్వాల్లో చుట్టి తెచ్చారు.

"తాయారమ్మా, చీటీల లెక్క తెరుచుకోవడం లేదు.
మేనకోడలి పెళ్లిపత్రిక తెరుచుకోవడం లేదు.
ఫొటోలూ అంతే.
అన్నీ ఒకేసారి చచ్చిపోతాయా ఎక్కడైనా?"

చావలేదు.
ఫైళ్లన్నీ ఉన్నచోటే ఉన్నాయి,
ఒక్క బైటు తరక్కుండా.
తెర మీద మాత్రం ఏది నొక్కినా ఒకటే మాట:
ఫలానా డీఎల్ఎల్ కనబడలేదు.

"ఎవరది?" అన్నారాయన,
చెప్పకుండా ఇల్లు వదిలి వెళ్లిన
మనిషి గురించి అడిగినట్టు.

ఎలా చెప్పను?
పాత వణ్ణారపేటలో మా అమ్మమ్మ వాళ్లది
ఆరు పోర్షన్ల కాంపౌండు.
ఆరు పొయ్యిలు, పంపు పక్కన ఒకటే రుబ్బురోలు.
ఎవరి పప్పు వాళ్లది, ఎవరి గిన్నె వాళ్లది,
రుబ్బుకునే చోటు మాత్రం అందరిదీ.

ఈ డబ్బాలో ప్రోగ్రాములూ అంతే అన్నాను.
ఫైలు తెరవడం, చదవడం, రాయడం, మూయడం
ఏదీ సొంతంగా నేర్చుకోదు.
గోడ అవతలికి ఒక కేక వేస్తుంది:
కాస్త ఇది తెరిచి పెడతావా?
ఆ అవతలున్నదానికి
అందమైన బొమ్మ ఉండదు, డెస్క్‌టాప్ మీద చోటు ఉండదు.
రెండుసార్లు నొక్కి పిలిచినా పలకదు,
పని చెబితేనే లేస్తుంది.

ఆదివారం మనవడు పాత క్యారమ్స్ ఆట తీసేశాడట.
మెషిను మర్యాదగానే అడిగింది:
ఈ ఉమ్మడి ఫైలు ఇంకెవరికీ అక్కర్లేదనుకుంటా,
తీసెయ్యమంటారా?
వాడు ఎస్ కొట్టాడు.
నేనైనా అదే కొట్టేదాన్ని.
ఎంతమంది వాడుతున్నారో లోపల ఒక లెక్క ఉంటుంది.
కొందరు పేరు రాయించుకోకుండానే వాడుకుంటారు,
లెక్క ఎప్పుడూ ఒకటి రెండు తక్కువే.

"దానికేం, మా తమ్ముడి మెషిన్లోంచి
ఒకటి కాపీ చేసి పెట్టెయ్!"

మూడో పోర్షన్ వాళ్లు ఖాళీ చేసిన రోజు
పొత్రం రిక్షా ఎక్కించుకుపోయారు.
దొంగతనం కాదు, కొన్నది వాళ్లే.
ఐదిళ్లలో నానిన మినప్పప్పు
తెల్లారేసరికి పులిసి వాసనేసింది.
అమ్మమ్మ పక్క కాంపౌండు నుంచి
ఇంకోటి చంకనెత్తుకొచ్చింది.
అదీ నల్లరాయే, అదీ పొత్రమే,
మా రోటి గుంటలో తిరగనంది.
మూడు రోజులు ఎవరింట్లోనూ ఇడ్లీ లేదు.

పేరొకటైతే సరిపోదండీ,
వయసు కుదరాలి, కొలత కుదరాలి.
ఇక ఊరూ పేరూ తెలియని చోట ఊరికే దొరికేది
పొత్రంలా కనిపిస్తూ పామై ఉంటుంది.

మైసూర్‌పాక్ డబ్బాలో వెతికాను.
గీతలు పడ్డ సీడీలు, ఒక హెయిర్‌పిన్ను,
అడుగున ఆయన లెక్కల ప్రోగ్రాము అసలు సీడీ.
నాలుగేళ్ల కింద నేనే దాచాను.
మూడు వందల కేబీ.
దానిచోట దాన్ని కూర్చోబెట్టి
మెషిను ఆపి వేశాను.

చీటీల లెక్క వచ్చింది.
ఫొటోల్లో ఎవరో తిరుత్తణి కొండ మీద నవ్వారు.
పెళ్లిపత్రిక రాగానే ఆయన కళ్లజోడు సర్ది
వియ్యంకుడి ఇంటిపేరులో తప్పు పట్టుకున్నారు,
అది మాత్రం నా తప్పు కాదు.

డబ్బిచ్చి, తువ్వాలు మడిచి,
"దాని పేరేమన్నావ్?" అని మళ్లీ అడిగారు.
అక్షరం అక్షరం చెప్పాను.
జేబుడైరీ తీసి
తను బాకీపడ్డవాళ్ల పేజీలో
చివరి పేరు కింద
రాసుకున్నారు.