రెండో బిగింపు

ఎడమ పక్కనుంచే పోరా సిలారూ.
ముందు మాట్లాడు, ఏదో ఒకటి,
రాత్రి చూసిన సినిమా కథైనా సరే,
నువ్వొస్తన్నావని కస్తూరికి తెలియాల.
ఎనకమాలగా గమ్మున పోయినోడి సంగతి
మీ మామ తుంటినడుగు,
వాన పడబోతే రేడియో కన్నా ముందు అదే చెప్పిద్ది.

తాడు సరుగుడు మానుకు కట్టావా?
ఏం ముడి? లాగు చూద్దాం.
పడవోళ్ళ ముడి కాదిది, ఒక్క గుంజుకి ఊడాల.
బెదిరిన గుర్రం మానుతో కొట్లాడితే
ఓడేది మాను కాదు.

ఇప్పుడు వీపు.
బురుసు తర్వాత, ముందు నీ అరచెయ్యి.
మూపు కాడ నుంచి నడుం దాకా
మెల్లిగా, వెంట్రుక వాలిన దిక్కుకే.
కొత్తపట్నం గాలి ఊరుకుంటదా,
రాత్రంతా ఇసక తెచ్చి దాని వీపున దాస్తది.
ఒక్క పల్లేరుకాయ చాలు,
ఒక్క గవ్వ పెంకు చాలు,
మనిషి ఎక్కి కూచున్నాక అది మేకవుద్ది.
చర్మం ఎక్కడన్నా ఉలిక్కిపడిందా?
పడితే ఇయ్యాల జీను లేదు, బేరం లేదు.
గంజి తాగి పడుకుందాం.

బొంత దులుపు. ఇంకోసారి.
మూపు మీదికి కాస్త ముందుకేసి
ఎనక్కి జరుపుకుంటా రా.
ఎక్కువ జరిగిందా? ముందుకి నెట్టబాక,
వెంట్రుకలు ఎదురు తిరిగి కూచుంటాయి.
తీసి మళ్ళీ మొదలెట్టు.
అవును, మళ్ళీ. చేతులేం అరిగిపోవు.

రికాబులు పైకి మడిచి జీనెత్తు.
గోతం దించినట్టు దబ్బున వెయ్యొద్దు,
నిద్దరబోయే పిల్లని మంచాన పడుకోబెట్టినట్టు.
ముందు భాగాన వేలు దూర్చి
బొంతని కాస్త పైకి లేపు,
వెన్నెముక మీద గాలాడాల.

తంగు కాళ్ళ సందునుంచి అందుకో,
మోకాళ్ళ మీద కూలబడబాక, వంగు చాలు,
ముంగాలి మోచేతికి బెత్తెడు ఎనక రావాల.
ఒక చిల్లు. ఆగు.
ఇంకో చిల్లు.
పొట్ట చూశావా, బూరలా ఊదింది!
అదీ దాని జాణతనం.
ఊపిరి బిగబట్టి, తంగు బిగిసిందని మనచేత అనిపిచ్చి,
మనం అటు తిరగ్గానే వదిలేస్తది.
దాని మీద కోప్పడబాక.
అప్పులోడు గడప తొక్కినప్పుడు
నేనూ అట్నే నిలబడతా.

పోయిన కార్తీక పున్నమికి
తెల్లారకముందే తీరమంతా తలకాయలు.
ఒంగోలు మందులషాపాయన కొడుకు, ఎనిమిదేళ్ళోడు,
ఎనక ఇంకో పదిమంది పిలకాయలు వరసలో.
ఒకసారే బిగిచ్చా. రెండోసారి చూడలా.
ఇరవై అడుగులేశామో లేదో
జీను గిర్రున తిరిగి పొట్టకిందికి పోయింది,
పిల్లోడు తడిసకలో, కస్తూరి కాళ్ళ మధ్య.

సముద్రం ఆగిందని చెప్పను, అదెప్పుడాగింది.
ఆగింది కస్తూరి.
పొట్టకింద జీను ఏలాడతా ఉంటే
తన్నొచ్చు, పరిగెత్తొచ్చు, ఏ గుర్రమైనా అదే చేస్తది.
ఒక కాలు గాల్లో ఎత్తి, దించకుండా
వాడు పాక్కుంటా బయటికొచ్చేదాకా
అట్నే నిలబడింది.

వాళ్ళమ్మ నన్ను తిట్టిన తిట్లు న్యాయమే.
వాడు మాత్రం ఏడుపాపి
ఇంకో రౌండు కావాలన్నాడు.
ఆ రోజుకి మరి ఎక్కించలా.
ఇంటికాడ దాని ముందు నానిన ఉలవలు పెట్టి
శానాసేపు మొహం తిప్పుకుని కూచున్నా.

అందుకని,
ముంగాళ్ళు ఒక్కోటి ముందుకి లాగు,
తంగు కింద చర్మం మడతలు పోవాల.
విప్పి నాలుగడుగులు నడిపిచ్చుకు రా,
ఆ పుట్టీ దాకా పోయి ఎనక్కి.
అప్పుడు మళ్ళీ చూద్దాం,
రెండు వేళ్ళు పట్టాల, మూడోది పట్టకూడదు.

ఆటో దిగినాయన గడియారం చూస్తన్నాడా?
చూడనీ.
నీ వేళ్ళు అక్కడే ఉంచు.
కస్తూరి ఇంకా ఊపిరి వదల్లా.