ఎనిమిది గడుల సేపు

నా ఉద్యోగం అంకెలు చెప్పడం.
మాంచెస్టర్ స్టూడియోలో, మేడమీది చీకటి గదిలో
ఆల్విన్ థ్రెల్‌ఫాల్ ఎడమ మోచేతి పక్కన కూర్చుని
స్వరాల కాగితం మీద గడి తర్వాత గడి
పైకి లెక్కపెట్టేదాన్ని:
ఒకటి రెండు మూడు నాలుగు,
రెండు రెండు మూడు నాలుగు,
మూడు రెండు మూడు నాలుగు...
ఆయన చిటికె వేసేవాడు.
చిటికెకో కెమెరా.

శనివారం రాత్రులు మావి.
ఈకల టోపీల నాట్యగత్తెలు, నోరు జారే హాస్యగాళ్ళు,
మాట్లాడే బొమ్మని ఒళ్ళో పెట్టుకునే ఒకాయన.
ఆ బొమ్మకి విడిగా క్లోజప్ కావాలని
ప్రతివారం ఆయన పేచీ.

చివర్లో పైకి పాకే తెల్ల అక్షరాల్లో
థ్రెల్‌ఫాల్ పేరు ఆఖరిది.
"ఆ వేళకి మా అమ్మ టీకి నీళ్ళు పెట్టడానికి లేచిపోతుంది.
ఒక్కసారీ చదవలేదు" అనేవాడు.

వాళ్ళ నాన్న బోల్టన్ నూలుమిల్లు బ్యాండులో
కార్నెట్ ఊదేవాడట.
ఊపిరితిత్తుల్లో దూది చేరాక ఊదడం మానేశాడు.
ఊరికే మీటలు నొక్కుతూ కూర్చునేవాడు, చప్పుడు లేకుండా.
అందుకే కాబోలు
ముఖాలకంటే చేతులంటే మావాడికి మోజు.

అరవై ఆరు డిసెంబరు. ప్రత్యక్ష ప్రసారం.
డెలియా క్రాషా రెండో చరణానికి నోరు తెరిచింది.
మాట రాలేదు.
ఎందుకో నాకు ఇప్పటికీ తెలీదు, ఎవరూ అడగలేదు.
కింద ఓబో ముసలాయన ఎంట్‌విజిల్
ఆమె వదిలేసిన వరసని మెల్లిగా అందుకున్నాడు.
నేను లెక్క ఆపలేదు. ఆపడం నా పనిలో లేదు.

"మూడో కెమెరా. ఓబో. వేళ్ళు."
కాగితంలో ఎక్కడా లేని మాట.
చిటికె వేసిన చెయ్యి అలాగే గాల్లో ఉంచి
ఎనిమిది గడుల సేపు దించలేదు.
దేశమంతా ముసలి వేళ్ళని చూసింది.
ముంజేత్తో కళ్ళు తుడుచుకున్న డెలియాని
ఆ గదిలో ఉన్న ఆరుగురం చూశాం.
తొమ్మిదో గడికి ఆమె పాడింది.

ఓబో ఘట్టం ముచ్చటగా కూర్చారని
సోమవారం పేపరు రాసింది.

ఆ టేపు లేదు.
టేపు ఖరీదైన రోజులవి. చెరిపేసి, మార్చిలో
దానిమీద గుర్రప్పందాలు ఎక్కించారు.
ఆ సంగతి నేనే చెప్పాల్సివచ్చింది.
కాసేపు పెన్సిలు చెక్కుకుని
"ఏ గుర్రం గెలిచింది?" అన్నాడు.

తర్వాత కుర్రాళ్ళొచ్చారు.
లెక్కలు మిషన్లు చెప్పడం మొదలుపెట్టాయి.
ఆయన మోర్‌కాంబ్ సముద్రం ఒడ్డున చిన్న ఇల్లు తీసుకున్నాడు.
వెళితే టీవీ నడుస్తుండేది, శబ్దం కట్టేసి.
కుర్చీ చేతిమీద చిటికె,
ఆ వెంటనే తెరమీద బొమ్మ మారేది.
"ఆలస్యం" అని విసుక్కునేవాడు.

మొన్న నవంబరులో, చర్చిలో,
రెండో కీర్తన మొదట్లో నా గొంతు పూడుకుపోయింది.
పుస్తకం దించి
ఆర్గాన్ వాయించే పిల్ల వేళ్ళకేసి చూశాను.
ఒకటి రెండు మూడు నాలుగు,
రెండు రెండు మూడు నాలుగు.

ఎనిమిది అక్కర్లేకపోయింది.
ఆరో గడికే అందుకున్నాను.