దుప్పటికి అవతలి అంచు

మార్చి నెల. హోటల్ ఇంకా తెరవలేదు.
బల్లల మీద కుర్చీలు తలకిందులుగా ఉన్నాయి.
ఈత కొలను అడుగున పైన్ ఆకుల సూదులు.
నిరుటి సన్‌స్క్రీన్ వాసన కారిడార్లో ఇంకా ఓ మూల నక్కి ఉంది.
బయట బూరా గాలి కిటికీ రెక్కల్ని కొడుతోంది.
నేను జాబితా రాస్తున్నాను.
గదులు నూట నలభై.
చేతులు...
రాస్తాను, కొట్టేస్తాను, మళ్ళీ రాస్తాను.

టీవీలో మంత్రిగారు నవ్వుతున్నారు,
ఈ ఏడూ రికార్డేనట.
స్ప్లిట్ నుంచి పడవలు దింపే తలలన్నీ లెక్కగట్టారు.
ఆ తలల కింది తలగడలు ఎవరు మారుస్తారో,
ఆ గడి మాత్రం వారి పట్టికలో లేదు.

ఒకప్పుడు ఈ పేజీలో పేర్లు పట్టేవి కావు.
వింకా, మాండె, త్సివితా, పెరినా,
అందరం ఒకే వీధి ఆడవాళ్ళం.
ఏప్రిల్లో ఏప్రన్ కట్టి, అక్టోబర్లో విప్పి
తిన్నగా ఆలివ్ కోతకి పోయేవాళ్ళం.
వింకా ఇప్పుడు డబ్లిన్‌లో కోడిమాంసం పొట్లాలు కడుతోంది.
ఫోన్ చేస్తే వానని గొంతెత్తి తిడుతుంది,
జీతం మాట వచ్చేసరికి గొంతు తగ్గిస్తుంది.
మాండెకి మోకాళ్ళు అరిగిపోయాయి.
త్సివితా కొట్టు పెట్టుకుంది.
పెరినా ఎక్కడికీ పోలేదు,
ఇక్కడే, రెండు సందుల అవతల.

పద్దెనిమిది సీజన్లు నా దుప్పటికి అవతలి అంచు ఆమెదే.
విదిలించు, సగానికి మడువు, నా వైపు నడిచిరా.
మధ్యలో వేళ్ళు తగిలినప్పుడల్లా ఓ కబురు:
మొగుడి తాగుడు, చేపల ధర,
ముప్పై రెండో గదిలోని జర్మన్ ముసలాయన దగ్గు.
ఇప్పుడామె తన ఇల్లే అద్దెకిస్తోంది,
రాత్రికో రేటు, శనివారానికో రేటు.
ఆగస్టంతా తను గ్యారేజీలో,
వైన్ పీపాకీ స్కూటర్‌కీ మధ్య మడతమంచం మీద.
"పిచ్చిదానా, నీ నెల జీతం నాకు ఒక్క వారం" అంటుంది.
లెక్క తప్పని నేనెప్పుడూ అనలేదు.
బడికి వచ్చిన కొత్త టీచరమ్మని
జూన్ రాగానే గది ఖాళీ చెయ్యమన్నదీ ఆ లెక్కే.

నిరుడు ఏజెన్సీ దిల్‌మాయాని పంపింది,
చిత్వన్ నుంచి. ఇక్కడికి రావడానికే
ఏడాది జీతం ముందే ఖర్చైపోయిందట.
పడవల రిపేరు షెడ్డు వెనక ఒకే గది, ఆరు మంచాలు.
మా భాషలో ఆమె నేర్చిన మొదటి మాట నమస్కారం కాదు,
ప్లాహ్తా. అంటే దుప్పటి.
మెడలో ఫోన్ వేలాడుతుంది,
గదికి ఇరవై రెండు నిమిషాలు, దాటితే ఎర్రబడుతుంది.
పరుపులో దూరిన ఇసుక సంగతి దానికేం తెలుసు?
పసివాడి వాంతి సంగతి దానికేం తెలుసు?
మొదటివారం మా మడతలు కలవలేదు.
ఆమె లోపలికి మడుస్తుంది, నేను బయటికి.
తర్వాత ఎవరు ఎవరివైపు మారామో గుర్తులేదు.

ఆగస్టులో ఓ సాయంత్రం పెరినా వచ్చింది,
చంకన బుట్ట, బుట్టనిండా తన దుప్పట్లు.
ఇంట్లో గోడకి ఆనించి ఒంటరిగా మడవలేక.
నన్ను చూసి నవ్వి, చూపు పక్కకి తిప్పింది.
"ఆదివారం ఆ పిల్లని నాకు పంపుతావా?
డబ్బు చేతికే ఇస్తాను."
ఓ అంకె చెప్పింది.
దిల్‌మాయా తలెత్తలేదు.
మడత పూర్తిచేసి, అరచేత్తో నొక్కి, దొంతిలో పెట్టి
వేళ్ళు పైకెత్తింది.
పెరినా అన్నదానికి రెండెక్కువ.
లాండ్రీ యంత్రం ఓ పూర్తి చుట్టు తిరిగేదాకా
ఎవరూ మాట్లాడలేదు.
పెరినా ఒప్పుకుంది.

ఈ ఏడు ఆమెని ఆవలి ద్వీపం హోటల్ అడుగుతోందట,
గంటకి రెండు యూరోలు ఎక్కువకి.
ఏజెన్సీ కాగితంలో పేరు తప్పుగా ఉంటే దిద్ది రాశాను.
పక్కన ప్రశ్నార్థకం పెట్టాను.
పెన్ను మూతపెట్టి
నా ఎడమచేతి వేళ్ళ వంక చూసుకున్నాను.
ముప్పై ఒక్క సీజన్లు.
ఒక్కసారైనా వీటిని
అలా పైకెత్తి ఉండాల్సింది.