ఏటి కూర?

మిల్లు మూసి పద్నాలుగు నెలలైంది.
కూయని సైరన్‌కి ఇంకా ఐదింటికే లేస్తున్నాను.
ఈరోజూ లేచి
గిన్నెలు గోనెసంచిలో వేసి మూతి కుట్టాను.
మేం నేసిన గోనే. అంచున మిల్లు ముద్ర
సగం చెరిగి ఉంది.

సాయంత్రం మూడు లాంతర్ల దగ్గర
టీ బండి వెనక నలుగురం కలిశాం.
జైబున్ బిస్కెట్లు తెచ్చింది.
సన్యాసమ్మ తెచ్చిన ఆవకాయ సీసాకి
మూత చుట్టూ మూడు పాలిథిన్ కవర్లు.
"రైల్లో కారిపోద్దే" అంటే
"కారితే కారనీ, వాసన రెండ్రోజులుంటాది" అంది.

తర్వాత ఏం మాట్లాడాలో తెలీలేదు.
పంతొమ్మిదేళ్లు మగ్గాల హోరులో
పెదాలు చూసి మాట్లాడుకున్నవాళ్లం.
మొగుళ్ల మీద తిట్లు, గర్భసంచి ఆపరేషన్లు,
సూపర్‌వైజర్‌కి మేం పెట్టిన పేరు,
అన్నీ చప్పుడు లేకుండానే.
ఇంత నిశ్శబ్దంలో మా గొంతులు
అద్దెకి తెచ్చుకున్నవాటిలా ఉన్నాయి.

తిరుప్పూరులో బనియన్ల కంపెనీ.
దారాలు కత్తిరించడం, కూర్చుని చేసే పని.
దుమ్ముండదట, చెప్పాను.
"అయితే దగ్గు తగ్గుద్ది" అంది జైబున్.
ఆ మాటకి తనే దగ్గింది.

చీటీలో నావి ఇంకా మూడు నెలలున్నాయి.
సన్యాసమ్మ పుస్తకం తీసింది గానీ
నా పేరు కొట్టలేదు.
"ఫోన్లో ఏసీ" అని మూసేసింది.

లేచి, వెళ్లొస్తానే అన్నాను.
"ఎప్పుడు?" అంది నూకాలు.

మర్యాదకి అనే మాట. దానికెవరూ తేదీ అడగరు.
"పైడితల్లి పండక్కా? ఉగాదికా? సెప్పు.
ఊరికే ఒస్తానంటే నానొప్పుకోను."
చెప్పు సరిచేసుకుంటున్నట్టు వంగాను.
చాలాసేపు పట్టింది,
పట్టీ కూడా లేని హవాయి చెప్పుకి.

బొకారో బండి గంట లేటు.
స్టేషన్‌కి నూకాలొక్కతే వచ్చింది,
కోపంగా, గోనె మూట తనే నెత్తిన పెట్టుకుని.
నాతో మాట్లాడలేదు.
పల్లీలమ్మే కుర్రాడితో మాత్రం బేరమాడింది.

బండి కదిలి
చక్రాల హోరు లేచి
మా షెడ్డంత అయ్యాక
అప్పుడు కదిలాయి ఆమె పెదాలు.
పక్కన చేతులూపే వాళ్లెవరికీ వినపడలేదు.

"ఏటి కూర?"

రోజూ పదకొండున్నరకి
మూడు మగ్గాల అవతలి నుంచి అడిగేది.
కిటికీ ఊచల్లోంచి డబ్బా చూపించి
"పెరుగన్నమే" అన్నాను, గొంతు లేకుండా.

మొహం చిట్లించింది,
రోజూలాగే.