పదునంచు ఎటువైపు

ముందు చెవులు చూడు, బైనిర్.
బయటికి పొడుచుకొస్తే ఇరుసు మెడకు తొడిగేది,
లోపలికి ముడుచుకుంటే కన్నం గోడకు ఒదిగేది.
పటకారు కూడా దేనిది దానికే:
ఒకటి పిడికిట్లో నొక్కితే రింగు నోరు తెరుస్తుంది,
ఇంకోటి నొక్కితే మూస్తుంది.
కళ్లద్దాలేవి?
నాకన్నా ముందు ఈ బల్ల మీద పనిచేసిన హానుస్‌కి
ఎడమ రెప్ప మీద చిన్న నెలవంక ఉండేది.
పుట్టుమచ్చ కాదది.

క్లాక్స్‌విక్ రేవులో వాన అడ్డంగా పడుతోంది.
రేకు తలుపు సందులోంచి
చేపల వాసనా డీజిలు వాసనా ఒకదాన్నొకటి తోసుకుంటూ వస్తున్నాయి.
బల్ల మీద రీటా పడవ వించ్ గేరుపెట్టె
పొట్ట విప్పుకుని పడుంది.

కొలిచి చూడు. కంటితో కాదు, కాలిపర్‌తో.
ఇరుసు ఇరవై అయిదు మిల్లీమీటర్లు,
గాడి అడుగున ఇరవై మూడు పాయింట్ తొమ్మిది.
రింగు మందం ఒకటి పాయింట్ రెండు.
గాడి దానికంటే వెంట్రుకవాసి వెడల్పు,
ఆ వెంట్రుకవాసిలోనే దాని ఊపిరంతా.

ఎవరో జింకు పూతవి కలిపేశారు, పక్కన పెట్టు.
మెరుస్తాయి, నవ్వుతూనే ఉంటాయి,
ఒక రాత్రి చెప్పాపెట్టకుండా విరుగుతాయి.
స్టెయిన్‌లెస్ కాస్త మెతక, కానీ ఉప్పుకు లొంగదు,
డెక్కు మీద పనులకు అది.
ఇక్కడ లోపలంతా నూనె. నల్లటి స్ప్రింగు ఉక్కు చాలు.

ఇప్పుడు వేలితో అంచు తడుము.
అచ్చులో కొట్టిన రింగుకు ఒక వైపు నునుపు, ఒక వైపు పదును.
బేరింగు తోసేది ఇటు నుంచి కదా,
పదునంచు అటు ఉండాలి,
గాడి గోడను కరిచి పట్టుకునేట్టు.
తిరగేశావా, నున్నటంచు గోడ మీదికి పాకి
మెల్లగా, ఎవరూ చూడకుండా, గట్టెక్కేస్తుంది.
నీకెలా తెలుసు అంటావా.

పోయిన ఫిబ్రవరి, శనివారం సాయంత్రం.
రీటా ఇంజను ఆపకుండానే రేవులో ఉంది.
కెప్టెన్ రోకుర్ ఈ తలుపు దగ్గరే
సిగరెట్టు మీద సిగరెట్టు.
ఇరవై అయిదు సైజు డబ్బా ఖాళీ.
తీసిన పాత రింగే మిగిలింది. బాగానే కనిపించింది.
తొడిగాక వేలితో తోస్తే గాడిలో గిర్రున తిరిగింది.
సాగిపోయిన రింగే అలా తిరుగుతుందని నాకు తెలుసు.
తెలిసీ మూత బిగించాను.
పదునంచు ఎటు పెట్టానో చూసుకోలేదు కూడా.

మూడో రోజు డ్రమ్ము చేతులెత్తేసింది.
పదకొండు కిలోమీటర్ల తాడు, వేల కొక్కేలతో,
ఈల వేసుకుంటూ సముద్రంలోకి పోయింది.
ఆ తాడు పక్కన నిలబడాల్సిన కుర్రాడు
చేతి తొడుగు మరిచిపోయి లోపలికెళ్లాడట.
తొడుగు. అంతే.

బీమావాళ్లు కాగితం మీద అరుగుదల అని రాశారు.
అరుగుదలకు ఒక పేరుంది, బైనిర్.
సున్నేవా అంటారు దాన్ని,
గళ్ల చొక్కా వేసుకుని
ఇప్పుడు నీకు పటకారు అందిస్తోంది.
రోకుర్‌కి ఇంకా చెప్పలేదు.
ఈ పెట్టె తీసుకెళ్లడానికి నాలుగింటికి వస్తాడు.

సరే, తెరువు.
ఇరుసు దాటడానికి ఎంత కావాలో అంతే.
ఇంకొంచెం, ఇంకొంచెం అంటూ చెవులు మెలిపెట్టకు,
తానెంత గుండ్రమో ఉక్కు మరిచిపోతుంది.

టక్.

అది కూర్చున్న చప్పుడు కాదు. ఎగిరిపోయిన చప్పుడు.

ఇద్దరం మోకాళ్ల మీద, బల్ల కింద, అయస్కాంతం పట్టుకుని.
ఇనుప రజను, నూనె గుడ్డ, హానుస్ కాలం నాటి బొత్తాం.
రింగులు మూడు దొరికాయి.
మనది వాటిలో లేదు.

చాల్లే, లే.
కొత్త డబ్బాలో ఇంకా నలభై ఏడున్నాయి.
ఒకటి తియ్యి.
అంచు తడుము.