బెంచీ మీద మూడోవోడు

గురువారం రాత్రి తొమ్మిదిన్నరకి
నెల్లిమర్ల మిల్లు గేటుకెదురుగా
పైడమ్మ టీ బడ్డీలో టీవీ పెడతాం.
సౌండు తీసీసి పెడతాం.
కొత్తగా వచ్చినోళ్లు అడుగుతారు,
"కామెడీ కదా, మాటల్లేకండా ఏటి సూస్తారు?"
జవాబు సెప్పం.

అందులో ప్రతీవారం ఒక బెంచీ ఉంటాది.
ఓసారది ఆసుపత్రి, ఓసారి పోలీస్ స్టేషను,
ఓసారి పెళ్లిసూపులిల్లు.
ముందు ఇద్దరు గెంతుతుంటారు, తిట్టుకుంటారు,
ఆడేషాలేసుకుని సిగ్గుపడతారు.
ఎనక బెంచీ మీద మూడోవోడు మా దాలయ్య.
కిల్లాన దాలయ్య, మగ్గాల సెక్షను, బీ షిప్టు.
పదకొండేళ్లనించి రోగి, కానిస్టేబులు,
పెళ్లికొడుకు బాబాయి,
ఊరికే సెంపదెబ్బ తిన్నవోడు.
పేరు పడదు. మాట పడదు.
రోజుకి తొమ్మిదొందలు, ఒక బిరియానీ పొట్లం,
అందులో నూటేభై తీసుకెళ్లినోడికి.

మీకు తెలీదు గానీ
మిల్లులో మాట పనికిరాదు.
మూడొందల మగ్గాలు ఒక్కసారి కదిల్తే
పక్కనోడి అరుపు కూడా
గోగునార దుమ్ములో కలిసిపోద్ది.
అందికే మేం సేతుల్తో బతికినాం.
ముక్కు గోకితే మేస్త్రీ వస్తన్నాడని,
సెవి పట్టుకుంటే బాబిను అయిపోనాదని,
గడ్డం కింద అరసెయ్యి పెడితే
ఇంటికాడ బాగోలేదని.
బొటనేలు పక్కేలుకి రాస్తే
దారం తెగింది, ముడేస్తన్నాను, ఉండు అని.
పెళ్లిళ్లు కూడా అలాగే కుదిరినాయి,
మా సూరమ్మనడగండి,
ఎర్రినవ్వొకటి నవ్వి లోపలికెల్లిపోద్ది.

లాకౌటు కాయితం గేటుకంటించిన రోజు
దాలయ్య దాన్ని సదవలేదు, మా మొకాలు సదివినాడు.
నాలుగు నెలలు సంపావతి ఇసక
ట్రాక్టర్లకెత్తినాడు,
తరవాత పెళ్లాన్నట్టుకుని
హైదరాబాదు రైలెక్కీసినాడు.

మొదటిసారి టీవీలో అవుపించినప్పుడు
ఈలలేసినాం, గోల సేసినాం.
సైగలు తరవాత పట్టుకున్నాం.
ముందోడు జోకేస్తంటే ఎనక మావోడు
సెవి పట్టుకున్నాడు. డబ్బులైపోనాయి.
తెల్లారి రెండేలు పంపినాం.
ఇంకోసారి జడ్జి ఎనక బంట్రోతై నిలబడి
గడ్డం కింద అరసెయ్యి.
కోర్టు సీనంతా తియ్యలేదు.
ఫోను లేదా అంటారు. ఉంది.
ఫోన్లో దాలయ్య "బాగున్నాన్రా" అని తప్ప
ఇంకో ముక్క ఎప్పుడూ సెప్పలేదు.

ఒకే ఒక్కసారి మాటిచ్చినారట.
"అయ్యగారూ, కారొచ్చింది."
అదే, అంతే.
దాలయ్య అన్నాడు,
మూడొందల మగ్గాల మీదనించి అన్నాడు.
మైకువోడు సెవులకున్నవి పీకి ఇసిరేసినాడు.
అందరూ నవ్వినారట, డబ్బులివ్వకండానే నవ్వినారట.
ఆ మాటతో పాటు ఆ నవ్వూ కోసీసినారు.

పోయిన గురువారం శవం ఏషం.
నెత్తిదాకా తెల్లగుడ్డ.
ముందు ఇద్దరు వీలునామా కోసం కొట్టుకుంటన్నారు.
సేతులు గుడ్డ కింద. మొకం గుడ్డ కింద.
బడ్డీలో ఎవుడూ టీ ముట్టలేదు.
పైడమ్మ స్టవ్వు తగ్గించీసినాది.
పేర్లు పడడం మొదలైనాది,
ఆడిది కాని పేర్లు, గబగబా పైకెల్లిపోతన్నాయి.
అప్పుడు గుడ్డ బయటున్న ఎడంకాలు
బొటనేలు
పక్కేలుకి రాసింది. ఆగింది. మళ్లీ రాసింది.

"ఈగ వాలినట్టుంది" అన్నాడు మా మనవడు.
ఈగెక్కడిదిరా గుంటడా, అంత ఏసీలోన?

ఆరుగురం లెగిసినాం, అరవై దాటినోళ్లం.
అప్పటికి సబ్బు బిళ్ల ప్రకటనొచ్చీసింది.
ఆ సబ్బుకెదురుగానే నిలబడి
ఏళ్లు రాసుకుంటా ఉండిపోనాం.