మధ్యంతర కస్టడీ

పేరుకే దొరసాని నేను.
ఆర్సీలో ఉండేదీ ఆ పేరే,
సంఘం లోను నా సంతకం మీద వచ్చిందని.
స్టీరింగు మాత్రం చెంగల్రాయుడిది.

ఆ పొద్దు పర్మిట్ కాయితంలో
సాయంత్రం ఆరు దాకా టైము.
స్వర్ణముఖి దాటి రోడ్డెక్కితే రైలు గేటు పడింది.
బొగ్గు గూడ్సు ఒకటి, దాని వెనకాలే ఇంకోటి.
బొగ్గును ఎవురూ కాయితం అడగలా.
గేటు లేచేసరికి ఆరూ నలభై.

నలభై నిమిషాలకు
ఏటి ఇసుక దొంగ ఇసుకైంది,
తోలేవాడు దొంగైనాడు,
ఇంట్లో చింతపండు కొడతా కూర్చున్న నేను
ముద్దాయి నెంబరు రెండైనాను.

తిరుపతి గనుల ఆఫీసుకు పోతే
కేసు పోలీసులది అన్నారు.
స్టేషనుకు పోతే
జరిమానా గనులోళ్ళది అన్నారు.
మధ్యలో బస్సు కండక్టరు ఒక్కడే
టికెట్టు చించతా అడిగేవాడు:
'ఏమ్మా, వచ్చిందా బండి?'

మురహరి లాయరు పిటీషను చదివి వినిపించినాడు:
'సదరు వాహనము ఎండకు ఎండి, వానకు తడిసి
దినదినమూ విలువ కోల్పోవుచున్నది.'
నా గురించి గూడా ఒక ముక్క రాయి సామీ,
నేనూ అట్లే ఉండాను అంటి.
ఆయన నవ్వలా. పెన్ను మూత పెట్టి
టీ తెప్పించినాడు.

ఏడో నెలలో కాళాస్త్రి కోర్టు ఆర్డరిచ్చింది.
అమ్మకూడదు.
రంగు మార్చకూడదు.
ఎప్పుడు పిలిస్తే అప్పుడు తెచ్చి చూపెట్టాల.
లక్షన్నర పూచీ, ఇద్దరు జామీను.
నా బండిని నాకే బదులిచ్చినారు.

జామీనుకు మా అన్న పాసుబుక్కు ఒకటి.
రెండోదానికి ఎవురూ రాకపోతే
పాలకేంద్రం మస్తానమ్మ చెప్పులేసుకోని బయల్దేరింది.
'నీ బండి తప్పు చేసిందో లేదో నాకు తెలీదు దొరసానీ,
నీ పాలల్లో నీళ్ళు లేవని తెలుసు'
అనింది, అంతే.

స్టేషను వెనకాల కంపచెట్ల మధ్య ఉండాది బండి,
టైర్లు కూలబడి, మోకాళ్ళ మీద కూర్చున్న ఎద్దు మాదిరి.
బ్యాటరీ లేదు.
పంచనామా తిరగేసినాడు రైటరు:
ట్రాక్టరు ఒకటి, ట్రాలీ ఒకటి, ఇసుక మూడు క్యూబిక్ మీటర్లు.
బ్యాటరీ ఉన్నట్టు రాయలేదు గనక
పోయినట్టు కాదంట.

మరి ఇసుక? ట్రాలీ అడుగు కనపడతాండాదే?
'గాలికి పోయుంటాదమ్మా.'
గాలి బుద్ధిమంతురాలే,
ఎక్కువ దూరం పోలా,
స్టేషను కొత్త ప్రహరీ గోడ కాడ ఆగినట్టుండాది.
నోటిదాకా వచ్చిన మాట మింగి
మూడు చోట్ల సంతకం చేసినా.

మూలన మిగిలిన రెండు గంపల ఇసుకలో
దోసతీగ ఒకటి మొలిచుండాది.
ఏటి నుంచి ఏ గింజ వచ్చిందో,
ఏ వాన తాగిందో,
పసిబిడ్డ పిడికిలంత కాయ ఒకటి కాసింది.
కొత్త కానిస్టేబులు పిల్లోడు తలకాయ గీరుకున్నాడు:
'ఇది పంచనామాలో లేదే సార్?'
రాసుకో నాయనా అన్నా,
ముద్దాయి నెంబరు మూడు.

చెంగల్రాయుడు నా మొగం పక్క చూడలా.
ఏడు నెలలు ఒకరి బండికి కూలికి పోయినోడు,
సైలెన్సరులో కందిరీగల గూడు పొగబెట్టి తీసినాడు,
అరువు బ్యాటరీ బిగించినాడు,
అరచేత్తో ఇంజను మూత తుడిచినాడు,
రెండోసారీ తుడిచినాడు.
నాలుగో తిప్పుకు నల్లగా దగ్గి
లేచింది.

మళ్ళీ అదే గేటు. మళ్ళీ పడింది.
ఆపితే మళ్ళీ లేస్తాదో లేదో అని
ఆయన ఇంజను ఆపలా.
డీజిలు కాలతాండాది, కాలనీ.
నా ఒళ్ళో కోర్టు ఆర్డరు,
దాని మీద దోసకాయ.
గూడ్సు పోతాంటే పెట్టెలు లెక్కపెడతా కూర్చున్నా.
యాభై ఎనిమిది.
ఒక్కదాన్ని గూడా ఎవురూ ఆపలా.